చెముడుగుంట నీళ్ళు

పొద్దున ఆరింటికి తాళం తీస్తారు.
రొండు రొండుగా గొంతుక్కూర్చుంటాం.
మస్తాన్ వార్డరు కర్రతో గాల్లో చుక్కలు పెడతా
లెక్క పెట్టుకుంటా పోతాడు.
ఒకటి తగ్గితే మళ్ళీ మొదటికొస్తాడు.
టీ చల్లారిపోద్ది.

నేను మాలకొండయ్యని. పామూరవతల పల్లె.
వచ్చిన కొత్తల్లో అట్టా కూర్చోడం నాకు చాతయ్యేది కాదు.
మోకాళ్ళు మడత పడవు. మెడ తిరగదు.
ఎవురన్నా పిలిస్తే మడిసి మడిసంతా తిరగాల,
సందులో బండి మలుపు తిరిగినట్టు.
వీడికి పొగరు, అన్నాడొక హవల్దారు.
కాంపౌండరు దయానందం మాత్రం
నోరు తెరిపించి పళ్ళు చూశాడు.
పసుపు గీతలు, మట్టి రంగు మచ్చలు.
"కనిగిరి పక్కోడివా?"
కాయితం అడగలా.

ఆయనే చెప్పాడు:
వంగిన ఎముక మళ్ళీ తీరుగా కాదబ్బా,
మంచినీళ్ళు తాగితే నొప్పి కొంచెం దిగుద్ది, అంతే.
ఆస్పత్రి వార్డు ఎనకాల తెల్ల మిషను,
దాని కడుపులో గుర్రుమనే మోటారు, స్టీలు కొళాయి.
గ్లాసు పట్టి తాగా.
ఉప్పు లేదు. చేదు లేదు. ఏమీ లేదు.
నీళ్ళకి రుచుండదని
నలభై మూడేళ్ళకి తెలిసింది.

నా కేసు చానా చిన్నది.
ట్యాంకరు పది రోజులకొకసారి.
ఆ తూరి పన్నెండో రోజొచ్చింది.
నా బిందె ముందని నేను, తనది ముందని ఓబయ్య.
పైపు కొసన ఇత్తడి మూతుంటది, బరువు.
ఒకటే దెబ్బ కొట్టానని కోర్టులో చెప్పా.
ఒకటే.
అదీ నిజమే.
పైపు కింద పడి అట్టానే కారతా ఉండింది.
అందరూ ఓబయ్య చుట్టూ మూగారు,
కట్టేసేవాళ్ళు లేరు.
ఇప్పటికీ కొళాయి తిప్పితే
ముందు ఆ చప్పుడు, తర్వాతే నీళ్ళు.

ఇప్పుడు నాది ఆస్పత్రి వార్డులో పని.
దగ్గు జబ్బోళ్ళు నలుగురు.
సోమవారం తూకం. గిద్దలూరు కుర్రోడు
బరువెక్కువ చూపించాలని జేబులో రాయి పెట్టుకొస్తాడు,
మాత్ర నాలిక కింద దాస్తాడు.
"నాలిక ఎత్తరా" అంటా. ఎత్తుతాడు. నవ్వుతాడు.
వెంకటగిరి ముసలాయనకి నిద్రలో కూడా
చేతులు నాడె విసరతానే ఉంటయ్.
దుప్పటి జారిపోద్ది, కప్పుతా.
గురువారం ఒక మేడమొచ్చి
కళ్ళు మూయించి ఊపిరి లెక్కపెట్టమంటది.
ఈడ అన్నీ లెక్కే.

రవణమ్మ మూడు నెలలకొకసారి
రొండు బస్సులు మారి వచ్చుద్ది.
జాలీకి ఆ పక్క నిలబడుద్ది.
నీళ్ళ సంగతి ఉత్తరంలో రాశాగదా, నమ్మలేదంట.
"జైల్లో నీళ్ళు బాగుంటయ్యా,
ఎవురన్నా వింటే నవ్వుతారు" అని
తనే నవ్వింది.
పెళ్ళైన కాణ్ణుంచీ చూస్తున్న పళ్ళే.
ఆ రోజు చూడలేకపోయా.

సంచీలోంచి ఖాళీ సీసా తీసింది,
రొండు లీటర్ల కూల్‌డ్రింకుది, లేబులు ఊడింది.
లోపల్నించి బయటికి ఏదీ పోకూడదు.
మస్తాన్‌కి తెలుసు.
సీసా పట్టుకుని పోయాడు, నింపుకొచ్చి
ఆమె చేతిలో పెట్టి గోడెంక తిరిగాడు.
రంజాను నెల. ఆయన పెదాలు
చెరువు మట్టిలాగా పగిలున్నయ్.

రవణమ్మ మూత బిగించింది.
మళ్ళీ బిగించింది.
"సగం నాకు" అంది.
మిగతా సగం చెప్పలా.
కాసేపాగి, "ఓబయ్య వాళ్ళమ్మ మంచం దిగడంలా.
నడుం పూర్తిగా పడిపోయింది" అంది.
"యాడివని అడిగితే?"
"నీళ్ళని అడిగేదెవురయ్యా మనూళ్ళో."

గంట కొట్టారు.

రాత్రి లెక్కకి కొత్త కుర్ర వార్డరు.
ఎవురి అంకె వాళ్ళే చెప్పాలన్నాడు.
కూర్చున్నా. మోకాళ్ళు బాగానే మడిచినయ్.
ఇరవై ఆరు అన్నాడు పక్కోడు.
నోట్లో అంకె ఉంది,
గొంతు తడారింది.
వార్డరు విసుక్కుని
మళ్ళీ మొదటికి పోయాడు.